బీన్స్ ఎల్లిగడ్డ వేపుడు: ఎల్లిగడ్డ మాడకుండ, బీన్స్ రంగు పోకుండ ఎట్ల చెయ్యాలె?

రూంల_వంట (నల్లగొండ)

నమస్తే అందరికీ. పప్పుచారు పక్కన పెట్టుకునేటట్టు సాదా బీన్స్ వేపుడు కావాలె. మసాలా వద్దు, కొబ్బరి వద్దు. బీన్స్, ఎల్లిగడ్డ, ఎండుమిర్చి, ఉప్పు, పోపు గింజలు, అంతే. పావు కిలో బీన్స్ లెక్కన చెప్పండి.

ఇప్పుడు చేస్తున్న పద్ధతి ఇది: నూనె కాగినంక దంచిన ఎల్లిగడ్డ వేసి, ఎర్రబడ్డంక బీన్స్ వేసి, నీళ్లు చల్లి మూత పెడుతున్న. బీన్స్ ఉడికేసరికి ఎల్లిగడ్డ నల్లబడి చేదొస్తున్నది. బీన్స్ మట్టిరంగుకు తిరుగుతున్నయి. మంట తగ్గిస్తే అడుగున నీళ్లు నిలుస్తున్నయి. నాన్‌స్టిక్ మూకుడు, గ్యాస్ స్టవ్, బోరు నీళ్లు. ఎక్కడ మార్చాలె?

నకిరేకల్ అక్క

తమ్మీ, నీ మూడు తిప్పలకు మూలం ఒక్కటే. ఎల్లిగడ్డకు సన్న మంట మీద మూడు నిమిషాలు చాలు, అంతకు మించితే మాడుతది. బీన్స్‌కు నీళ్లు కావాలె, ఇంకా ఎక్కువ సేపు కావాలె. రెండూ ఒకేసారి మూకుట్ల పడితే ఒకటి ఉడికేలోపు ఇంకోటి చెడుతది. వేరువేరుగ వండి ఆఖరికి కలుపు.

ముందు బీన్స్. కొసలు తుంచి, నార ఉంటే లాగి, రెండు అంగుళాల ముక్కలు చెయ్యి. లావువి, సన్నవి ఏరి వేరు పెట్టు. లావువి ఒక నిమిషం ముందు నీళ్లల్ల పడాలె, లేకుంటే సన్నవి మెత్తబడ్డా అవి గట్టిగనే ఉంటయి. పావు కిలోకు లీటరున్నర నీళ్లు, ఒక పెద్ద చెంచా ఉప్పు. నీళ్లు కళపెళ మరిగినంకనే బీన్స్ వెయ్యి. తక్కువ నీళ్లు పెడితే బీన్స్ పడంగనే మరుగు ఆగిపోతది, మళ్లా మరిగేదాకా సమయం పోతది, రంగూ పోతది. మూత పెట్టొద్దు. లేతవైతే మూడు నాలుగు నిమిషాలు, కొంచెం ముదిరినవైతే ఐదారు. ఒకటి తీసి కొరికి చూడు. పంటి కింద కీచుమంటే ఇంకా పచ్చిగ ఉన్నట్టు. లోపల మెత్తబడి, పైన జర కొరుకుడు మిగిలితే దించు.

వెంటనే జల్లిగిన్నెల వంపి చల్లటి నీళ్లల్ల వెయ్యి. లేకుంటే లోపలి వేడికే ఇంకా ఉడుకుతయి. ఫ్రిజ్ నీళ్లు లేకపోతే వెడల్పు పళ్లెంల పలుచగ పరిచి ఫ్యాన్ కింద పెట్టు, అదీ పని చేస్తది. తర్వాత పొడిబట్ట మీద పోసి తడి మొత్తం అద్దు. ఈ పని చాలామంది వదిలేస్తరు. తడి బీన్స్ నూనెల పడితే వేగవు, తమ ఆవిరిల తామే ఉడుకుతయి. నీ మూకుట్ల నిలిచే నీళ్లు చల్లిన నీళ్లు, మూత కింద కారిన ఆవిరి.

ఇగ ఎల్లిగడ్డ. చిన్న రెబ్బలైతే పది, పెద్దవైతే ఆరు. దంచొద్దు, రూపాయి బిళ్ల మందంల కోయి. దంచితే సన్న తునకలు ముందే మాడుతయి, పెద్ద తునకలు పచ్చిగ మిగులుతయి. మూకుడు చల్లగ ఉన్నప్పుడే రెండు పెద్ద చెంచాల పల్లినూనె పోసి, ఎల్లిగడ్డ వేసి, అప్పుడు స్టవ్ ముట్టియ్యి. సన్న మంట. నూనె, ఎల్లిగడ్డ కలిసి వేడెక్కితే లోపలి తడి నిదానంగ పోతది, అంతటా ఒక్క తీరు వేగుతది. అంచులు లేత పసుపు తిరగంగనే తీసి పళ్లెంల వెయ్యి. బంగారు రంగు వచ్చేదాకా ఆగితే, తీసినంక కూడా దాంట్ల వేడి ఉంటది కాబట్టి పళ్లెంలనే ముదురు రంగుకు పోతది. మాడిందా, ఆ నూనె కూడా పారబోసి మళ్ల మొదలుపెట్టాలె. చేదు నూనెలకు దిగినంక ఉప్పు, కారం, నిమ్మ ఏదీ దాన్ని కప్పదు.

అదే నూనెల మంట పెంచి అర టీచెంచా ఆవాలు వెయ్యి. అవి చిటపటమన్నంక పావు టీచెంచా జీలకర్ర, తుంచిన ఎండుమిర్చి రెండు, ఆ వెంటనే బీన్స్. పెద్ద మంట మీద రెండు మూడు నిమిషాలు. ఊకె కలపకు. అర నిమిషానికోసారి తిప్పితే అక్కడక్కడ మచ్చలు పడుతయి, రుచి ఆ మచ్చలదే. ఉడికిన నీళ్లల్లనే ఉప్పు పట్టింది కాబట్టి ఇప్పుడు చిటికెడు చాలు. స్టవ్ ఆపి, తీసిపెట్టిన ఎల్లిగడ్డ కలుపు. నాన్‌స్టిక్ కాబట్టి ఒక జాగ్రత్త: ఖాళీ మూకుడు పెద్ద మంట మీద పెట్టకు.

రూంల_వంట

మస్తు వివరంగ చెప్పిన్రు అక్కా. రంగు నిలవాలంటే చిటికెడు వంటసోడా వెయ్యమని కొందరు అంటరు, వెయ్యొచ్చా? బోరు నీళ్లతోటి ఏమన్న తేడా పడుతదా?

నకిరేకల్ అక్క

సోడా వద్దు. ఆకుపచ్చ రంగు క్లోరోఫిల్‌ది, దాని నడుమ మెగ్నీషియం ఉంటది. పులుపు తగిలినా, వేడి ఎక్కువసేపు తగిలినా ఆ మెగ్నీషియం ఊడిపోయి మట్టిపచ్చ రంగు వస్తది. బీన్స్‌ల సహజంగనే కొంచెం ఆమ్లం ఉంటది. మూత లేకుంటే దాంట్ల కొంత ఆవిరితోటి పోతది, మూత పెడితే చుక్కలు కట్టి మళ్ల గిన్నెలనే పడుతది. ఏడెనిమిది నిమిషాలు దాటితే మూత లేకున్నా రంగు తగ్గుడు మొదలైతది. సోడా ఆమ్లాన్ని విరిచి రంగు నిలుపుతది, నిజమే. గాని కాయను పట్టి ఉంచే పెక్టిన్‌ను కూడా కరిగిస్తది. పైన జిగట, లోపల ముద్ద. బి1 విటమిన్ కూడా దెబ్బతింటది.

పులుపు సంగతి ఇంకోటి ఉన్నది. టమాట, చింతపండు, నిమ్మ ముందే పడితే రంగు పోవుడే గాదు, కాయ ఉడకదు కూడా. అందుకే నిమ్మరసం కంచంల పిండుకోవాలె. దుకాణంల దొరికే అల్లం ఎల్లిగడ్డ పేస్టు కూడా ఈ కూరకు వాడొద్దు. దాంట్ల ఉప్పు ఉంటది, నిలువ ఉండేటందుకు పులుపు కలుపుతరు, తడి ఎక్కువ. నూనెల చిట్లుతది, అడుగంటుతది.

బోరు నీళ్లు కఠినమైనవైతే దాంట్ల కాల్షియం పెక్టిన్‌ను బిగిస్తది. పప్పు తొందరగ ఉడకకపోవుడు కూడా ఇందుకే. బీన్స్‌కు నిమిషం, రెండు నిమిషాలు ఎక్కువ పెట్టు. అయితే మర్రిగూడ, మునుగోడు దిక్కు లెక్క ఫ్లోరైడ్ ఉన్న బోరైతే ఆ నీళ్లు వంటకు అసలే వాడకు. మరిగిస్తే ఫ్లోరైడ్ పోదు. నీళ్లు ఆవిరై తగ్గుతయి, మిగిలిన నీళ్లల్ల అది ఇంకా ఎక్కువైతది. భగీరథ నల్లా నీళ్లు పట్టిపెట్టుకొని వాటితోనే వండు.

పాలమూరు పల్లి

అక్క చెప్పింది పప్పుచారు పక్కకు బాగుంటది. జొన్నరొట్టెలకైతే నేను ఒప్పుకోను. నీళ్లల్ల ఉడికించి వంపితే బీన్స్ రుచి సగం ఆ నీళ్లతోటే పోతది. సి విటమిన్ కూడా నీళ్లల్ల కరిగేదే. మా దిక్కు వేరే తీరుగ చేస్తం, ఎల్లిగడ్డను కారంల కలిపి ఆఖర్ల వేస్తం.

పావు కిలో బీన్స్ అర అంగుళం ముక్కలు చెయ్యాలె. రెండు అంగుళాల ముక్కలతోటి ఈ పద్ధతి కుదరదు, లోపల ఉడకవు. ఇనుప మూకుడు, రెండు పెద్ద చెంచాల పల్లినూనె. ఆవాలు, జీలకర్ర చిటపటమన్నంక బీన్స్, అర టీచెంచా ఉప్పు. మధ్య మంట మీద మూత లేకుండ నాలుగు నిమిషాలు వేయించి, కాగిన వేడినీళ్లు పావు కప్పు చల్లి మూత పెట్టాలె. చన్నీళ్లు పోస్తే మూకుడు చల్లారుతది. మూడు నిమిషాలకు మూత తీసి, అడుగున చప్పుడు మారేదాకా వేయించాలె. నీళ్లు ఉన్నంతసేపు బుడబుడమంటది, ఇంకిపోయినంక సన్నగ చిరచిరమంటది. మొత్తం పది పన్నెండు నిమిషాలు. రంగు జర తగ్గుతది, అది ఒప్పుకోవాలె.

కారానికి: ఒకటిన్నర టీచెంచాల ఎండుకారం, ఆరు ఎల్లిగడ్డ రెబ్బలు, అర టీచెంచా జీలకర్ర, పావు టీచెంచా ఉప్పు. రోట్ల బరకగ దంచాలె. మిక్సీల ఎక్కువ తిప్పితే ముద్దయి మూకుడుకు అంటుతది, ఒక్కసారి తిప్పి ఆపాలె. దంచినంక పది నిమిషాలు పక్కన పెట్టండి. ఎల్లిగడ్డ ఘాటు రెబ్బల ముందునుంచి ఉండదు, దంచినప్పుడే పుడుతది. వెంటనే వేడి తగిలితే ఆ ఘాటును పుట్టించే ఎంజైమ్ చచ్చిపోతది. మంట పూర్తిగ తగ్గించి కారం వేసి ఒక్క నిమిషం కలిపి దించాలె. ఎండుకారం కూడా ఎల్లిగడ్డ లెక్కనే మాడుతది, పెద్ద మంట మీద వేస్తే పది సెకన్లల్ల నల్లబడి దగ్గు తెప్పిస్తది. వేయించి పొట్టు తీసిన పల్లీలు రెండు పెద్ద చెంచాలు కచ్చాపచ్చగ దంచి పైన వేస్తే ఇంకేం అక్కరలేదు.

ఇనుప మూకుట్ల కూర ఉంచొద్దు. దించంగనే వేరే గిన్నెల తీయాలె, లేకుంటే నల్లగ తిరుగుతది.

నకిరేకల్ అక్క

రొట్టెకు మీ తీరే బాగుంటది తమ్మీ, ఒప్పుకుంటున్న. నాన్‌స్టిక్‌ల చేస్తే మాత్రం మీరు చెప్పిన పావు కప్పు నీళ్లు తొందరగ ఇంకవు, రెండు పెద్ద చెంచాలు చాలు.

చేనుగట్టు

కాయ సరిగ లేకుంటే రెండు పద్ధతులూ పనిచెయ్యవు. కొనేటప్పుడు ఒకటి విరిచి చూడాలె. టప్పున విరిగి, విరిగినకాడ తడి కనపడితే లేతది. వంగి నార వేలాడితే ముదురుది. పైనుంచి గింజలు ఉబ్బి కనపడితే ఉడికినా తోలు తోలుగనే ఉంటది. అట్లాంటివి గింజలు తీసి పప్పుల వేసుకోవాలె.

బీన్స్ చల్లటి వాతావరణం కోరే పంట. నల్లగొండ, పాలమూరు ఎండలకు పూత రాలుతది, నిలిచిన కాయ నారెక్కుతది. చలికాలంల దగ్గరి ఊర్లకెల్లి వచ్చినవి బాగుంటయి. ఏప్రిల్, మే నెలల్ల రైతుబజార్ల కనపడేవి చల్లటి ఇలాకాలకెల్లి లారీల్ల వచ్చినవి, ఒకటి రెండు రోజుల పాతవి. అప్పుడు బీన్స్ వెంట పడేకన్న బొబ్బర్లకాయ లేతవి తీసుకోండి, ఇదే వేపుడు ఇంకా బాగుంటది, మూడు నిమిషాలు ఉడికితే చాలు. గోకరకాయ అయితే పది నిమిషాలు తప్పదు.

కడిగి ఫ్రిజ్ల పెట్టొద్దు, జిగట పడుతది. కాగితంల చుట్టి కింది అరల పెడితే నాలుగైదు రోజులు ఉంటయి. మరీ చల్లటి పై అరల పెడితే తుప్పు మచ్చలు వస్తయి. ఇంకో మాట, పచ్చి బీన్స్ సలాడ్ల వేసుకోవద్దు. వాటిల లెక్టిన్ అనే పదార్థం ఉంటది, సరిగ ఉడకకుంటే వాంతులు, కడుపునొప్పి వస్తయి.

డబ్బా_కట్టాలె

పొద్దున ఆరింటికి చేసి పిల్లల డబ్బాల పెడితే మధ్యాహ్నానికి రంగు పోయి నీళ్లు వస్తున్నయి. దానికేం చెయ్యాలె? ఇంకోటి, ఎల్లిగడ్డ దంచి నిమ్మరసం కలిపితే నీలిపచ్చగ అయ్యింది, పారెయ్యాల్నా?

నకిరేకల్ అక్క

వేడివేడిగ డబ్బా మూత పెడితే గిన్నె మీద మూత పెట్టినట్టే. ఆవిరి లోపలనే తిరిగి నీళ్లయితది. పళ్లెంల పరిచి పది నిమిషాలు చల్లార్చి, అడుగుల ఒక చెంచా పల్లి పొడి చల్లి పెట్టు, మిగిలిన తడి అది పీల్చుకుంటది. డబ్బాకు నీళ్లల్ల ఉడికించే పద్ధతే మేలు. ముందురోజు రాత్రి ఉడికించి, తడి అద్ది ఫ్రిజ్ల పెట్టుకుంటే పొద్దున ఐదు నిమిషాల పని.

నీలిపచ్చ రంగుకు భయపడకు. ఎల్లిగడ్డల గంధకం పదార్థాలు పులుపుతోటి కలిసి చేసే రంగు అది, చెడిపోయినట్టు గాదు. పాత గడ్డల నడుమ ఆకుపచ్చ మొలక ఉంటే మాత్రం తీసెయ్యి, ఆ మొలక చేదుగ ఉంటది.

రూంల_వంట

అందరికీ థ్యాంక్స్. ఆఖరి ప్రశ్న: అర కిలో చెయ్యాలంటే అన్నీ రెండింతలు వేస్తే సరిపోతదా?

పాలమూరు పల్లి

నూనె, కారం రెండింతలు వేసుకో. బీన్స్ మాత్రం ఒకేసారి మూకుట్ల వెయ్యకు. పది అంగుళాల మూకుట్ల పావు కిలోనే ఒక వరసగ పడుతది. కుప్పగ పడితే కిందివి ఉడుకుతయి, పైవి పచ్చిగ ఉంటయి, మళ్ల నీళ్లు నిలుస్తయి. రెండు విడతలు వేయించి, ఎల్లిగడ్డ గాని, కారం గాని అంతా చివర్ల ఒక్కసారే కలుపు.