తవ్వకంలో పై పొరను ‘చెత్త’ అని తీసేయొచ్చా?

పాలమూరు_విద్యార్థి:
వచ్చే నెల ఆఫ్రికాల ఒక తవ్వకానికి ముగ్గురం వాలంటీర్లుగ పోతున్నం. పైన రెండడుగులు ఇప్పటి ఊరోళ్ల బూడిద, పెంకులేనట. అవి తీసి పోస్తే అసలు కట్టడం దొరుకుతదని టీం పెద్ద రాసిన్రు. ఆ గుట్ట మీద ఊరోళ్లు మొక్కుతరట గూడ. ఏం చేయాలె?

గుండ్లరాయి:
తమ్మీ, ఆ పై మట్టి తీసి పారబోయొద్దు. ఆఫ్రికాల గ్రేట్ జింబాబ్వే అనే పాత రాతి కట్టడాల కాడ అయింది ఇదే. 1902ల రిచర్డ్ హాల్‌ను ఆ శిథిలాలు కాపాడమని పెట్టిన్రు. ఆఫ్రికన్లు ఇంత గోడ కట్టలేరని ఆయన గట్టి నమ్మకం. పై పొరలన్నీ తర్వాతొచ్చినోళ్ల చెత్త అని, కొన్నిచోట్ల 12 అడుగుల దాకా తవ్వించి పోయించిండు. తర్వాత తవ్వి చూసిన పురావస్తు పండితులు, 1905ల రాండల్-మెకైవర్, 1929ల గెర్ట్రూడ్ కేటన్-థాంప్సన్, అది అక్కడోళ్ల కట్టడమేనని తేల్చిన్రు. కానీ పోయిన పొరలు రాలే. గోడ ఏ పొర మీద లేచింది, ఏ పొర దానికి ఆనుకొని పడ్డది అనేదాన్ని బట్టే గోడ వయసు తెలుస్తది. ఆ ‘చెత్త’ల ఉన్నది కట్టినోళ్ల పొయ్యి, వాళ్ల గుడిసె నేల.

తాపీ_జల్లెడ:
4×4 మీటర్ల గుంత తీసి, పక్క గుంతకు నడుమ మీటరు గట్టు విడువున్రి. ఆ గట్టు నిలువు ముఖంలనే పొరలు కనవడ్తయి. మట్టి రంగు, గట్టిదనం మారిన కాడ ఆగాలె. ఎండకు మట్టి తెల్లబడి గీత మాయమైతది, సన్నగ నీళ్లు చిలకరించి తాపీతోటి గీకితే మళ్ల తేల్తది. సంచికి రెండు చీటీలు, లోపలొకటి బయటొకటి. జల్లెడ 5 మి.మీ., పూసలు, గింజలు తగుల్తే ఇంక సన్నది. బొగ్గు చేత్తోటి పట్టొద్దు. తాపీ మొనతోటి తీసి అల్యూమినియం రేకుల చుట్టున్రి. పత్తిల చుడితే ఆ నార అంటుకొని, బొగ్గు వయసు తేల్చే కార్బన్ లెక్క తప్పుతది.

కృష్ణ_ఒడ్డు:
మొక్కు సంగతి చిన్నది కాదు. మన కృష్ణ ఒడ్డున ముడుమాల్‌ల పాతకాలపు నిలువురాళ్లను ఊరోళ్లు నిలురాళ్ల తిమ్మప్ప అంటరు, ఒక రాయిని ఎల్లమ్మగ కొలుస్తరు. బయటోళ్లు వచ్చి ఉత్త సమాధి రాయని పసుపు కడిగేస్తే మనం ఊకుంటమా? సర్కారు పర్మిట్ ఉన్నా ఊరి పెద్దలను ముందే కలువున్రి. ‘తవ్వొచ్చా’ అంటే మర్యాదకు సరే అంటరు. ‘ఇక్కడ ఏది ముట్టొద్దు, ఏ దినం పని ఆపాలె’ అని అడుగున్రి. మనిషి ఎముక కనవడ్తే పని ఆపి ముందు వాళ్లకే చెప్పాలె.

పాలమూరు_విద్యార్థి:
టీం పెద్ద వినకుంటే?

తాపీ_జల్లెడ:
గోడకు తగిలే ఒక గట్టన్నా ముట్టకుండ ఉంచమని అడుగు. పోయించిన మట్టి ఏ లోతుది, ఎన్ని గంపలు, ఎక్కడ పోసిన్రు, ఏ రోజుకారోజు డైరీల రాయి. కుప్ప ఎక్కడుందో తెలిస్తే రేపు ఎవరన్నా జల్లెడ పట్టి పెంకులు, పూసలన్నా ఏరుతరు.