చేతులు కాలాకైనా నగరాలు ఆకులు పట్టుకున్నాయా?

వసుంధర, విజయవాడ:
మా అమ్మాయికి పాఠం చదివి వినిపిస్తుంటే ఒక మాట నాకు మింగుడు పడలేదు. 1666లో లండన్ తగలబడిందట, దాంతో జనం ఇటుక ఇళ్లు కట్టుకోవడం నేర్చుకున్నారట. ఇటుక సంగతి వాళ్లకు అప్పుడే తెలిసిందా? 1212లో పెద్ద అగ్నిప్రమాదం జరిగినప్పుడే రెల్లు కప్పులు వేయకూడదని నగరం ఆజ్ఞ పెట్టింది. 17వ శతాబ్దం మొదట్లో జేమ్స్ రాజు ఇటుకతో, రాతితో కట్టాలని ప్రకటన మీద ప్రకటన జారీ చేశాడు. ఎవరూ వినలేదు. 1666 సెప్టెంబరు 2 తెల్లవారుజామున పుడ్డింగ్ లేన్‌లో థామస్ ఫారినర్ అనే రొట్టెల వ్యాపారి ఇంట్లో నిప్పు రాజుకునే నాటికి ఆ ఇరుకు సందుల్లో ఎటు చూసినా కొయ్య ఇళ్లే. పై అంతస్తులు వీధి మీదికి ముందుకు పొడుచుకొచ్చి, ఎదుటి ఇంటిని తాకేంత దగ్గరగా ఉండేవి. మంటలు ఆరేసరికి 13,200 ఇళ్లు, 87 చర్చిలు, సెయింట్ పాల్ కథీడ్రల్ పోయాయి.

నాలుగున్నర శతాబ్దాలు తెలిసి కూడా చేయని పనిని నాలుగు రోజుల మంట నేర్పిందంటే నేను నమ్మను. చావులకూ కన్నీళ్లకూ నగరాలు మారవు. నష్టం ఆస్తిపరుడి మెడకు చుట్టుకున్నప్పుడే మారతాయి. ఇదీ నా వాదన. కాదనేవాళ్లు చెప్పండి.

రమణమూర్తి, కాకినాడ:
వసుంధర గారూ, అగ్నిమాపక శాఖలో పనిచేసి రిటైరైన వాడిని. మీరు చెప్పిన చరిత్ర నిజమే కానీ, దాని నుంచి మీరు తీసిన అర్థం నాకు సరిగా తోచలేదు. పాత ఆజ్ఞలకూ, ఆ మంట తర్వాత ఊరిని మళ్లీ కట్టడానికి చేసిన 1667 చట్టానికీ పెద్ద తేడా ఉంది. పాతవి చెయ్యండి అని చెప్పి ఊరుకున్నాయి. 1667 చట్టం ఇళ్లను నాలుగు తరగతులుగా విడదీసింది. ఏ రకం వీధిలో ఎన్ని అంతస్తులు ఉండాలో, ఏ అంతస్తులో గోడ మందం ఎంతో రాసిపెట్టింది. అది అమలవుతోందా లేదా చూడటానికి సర్వేయర్లను పెట్టింది. వాళ్లలో ఒకరు రాబర్ట్ హుక్. సూక్ష్మదర్శినిలో జీవకణాన్ని చూసి పేరు పెట్టిన శాస్త్రవేత్త ఆయనే. బూడిదలో తిరుగుతూ కొత్త వీధుల హద్దులకు గూటాలు పాతించాడు. వీధి వెడల్పు కోసం స్థలం పోగొట్టుకున్నవాళ్లకు పరిహారం ఇచ్చారు. ఆ డబ్బు లండన్‌కు వచ్చే బొగ్గు మీద వేసిన పన్ను నుంచి తీశారు.

అన్నిటికన్నా నాకు ముఖ్యంగా కనిపించేది, కాలిన ఇళ్ల తగాదాలు తీర్చడానికి పెట్టిన అగ్ని న్యాయస్థానం. అప్పటి కౌలు ఒప్పందాల ప్రకారం ఇల్లు కాలిపోయినా అద్దె కట్టాల్సింది, మళ్లీ కట్టించాల్సింది చాలాచోట్ల కౌలుదారే. కట్టుబట్టలతో మిగిలినవాడు ఎక్కడి నుంచి తెస్తాడు? న్యాయమూర్తులు ప్రతిఫలం తీసుకోకుండా కూర్చుని, ఒక్కొక్క వివాదం విని, కట్టగలిగినవాడికి అద్దె తగ్గించి, కౌలు గడువు పెంచి పంపించారు. ఊరు లేచి నిలబడింది దానివల్ల. భారాన్ని పంచే పద్ధతి దొరకనంత కాలం ఏ నిబంధన అయినా కాగితం మీదే ఉంటుందని ఉద్యోగంలో నేనూ చూశాను. మీరు దీన్ని ఆస్తిపరుడి స్వార్థం అంటున్నారు. నేను పాలన అంటాను.

సుధాకర్, షికాగో:
నేనుండే ఊరి కథ చెబుతాను. అది వసుంధర గారి వైపే మొగ్గుతుంది. 1871 అక్టోబరు 8 రాత్రి మొదలైన మంటల్లో సుమారు 300 మంది చనిపోయారు, 17,000కు పైగా కట్టడాలు పోయాయి, లక్ష మంది నిలువ నీడ లేకుండా మిగిలారు. మంటలకు తట్టుకునే నగరం కడతామన్న నినాదంతోనే జోసెఫ్ మెడిల్ మేయరయ్యాడు. ఊరంతటా కొయ్య ఇళ్లను నిషేధించాలనుకున్నాడు. 1872 జనవరిలో ఉత్తర భాగం కార్మికులు, ఎక్కువగా జర్మనీ నుంచి వచ్చినవాళ్లు, నగర మండలి మీదికి ఊరేగింపుగా వెళ్లారు. నిబంధన పలచబడింది. 1874 జులైలో మళ్లీ అంటుకుంది, 800కు పైగా కట్టడాలు కాలాయి. కొయ్య కట్టడాల నిషేధం నగర పొలిమేరల దాకా పాకింది ఆ తర్వాతే. అక్టోబరులో బీమా సంస్థల జాతీయ మండలి షికాగోను వదిలి వచ్చేయమని తన సభ్యులకు పిలుపునిచ్చింది. బీమా లేని సరుకు మీద బ్యాంకు అప్పు పుట్టదు. అగ్నిమాపక దళాన్ని సంస్కరించే పని అప్పుడు ఊపందుకుంది. 300 ప్రాణాలు చేయలేని పనిని ఒక తీర్మానం చేసింది.

ఫాతిమా, హైదరాబాద్:
సుధాకర్ గారూ, ఊరేగింపుగా వెళ్లినవాళ్లను అడ్డుపడినవాళ్లుగా చూపించి దాటిపోవడం నాకు బాధ కలిగించింది. ఇటుక ఇల్లు కట్టడానికి కొయ్య ఇంటికన్నా చాలా ఖర్చు. ఏళ్ల తరబడి కూడబెట్టి జాగా కొన్నవాడిని ఇటుకతోనే కట్టాలంటే, ఆ జాగా అమ్ముకుని పొమ్మన్నట్టే. వాళ్లకు మంట భయం లేక కాదు కదా, కాలింది వాళ్ల ఇళ్లే! నిషేధాన్ని హద్దుల దాకా పెంచితే హద్దు దాటిన చోట మళ్లీ కొయ్య ఇళ్లు లేచాయి.

ఇంకొకటి. మంట తర్వాత నగరాలు అన్నిటికన్నా ముందు వెతికేది పరాయివాడిని. లండన్‌లో రాబర్ట్ హుబర్ట్ అనే ఫ్రెంచి యువకుడు నేనే అంటించానన్నాడు. మతి స్థిమితం లేనివాడని న్యాయస్థానంలోనూ అనుమానించారు. అయినా ఉరి తీశారు. మంట మొదలయ్యాక రెండు రోజులకు గానీ అతను లండన్‌లో అడుగు పెట్టలేదని అతన్ని తెచ్చిన ఓడ కెప్టెనే తర్వాత చెప్పాడు. కేథలిక్కులే కారణమని ఆ మంటకు గుర్తుగా లండన్‌లో నిలబెట్టిన స్మారక స్తంభం మీద 1681లో చెక్కిన నింద 1830లో గానీ శాశ్వతంగా చెరిగిపోలేదు. షికాగోలో ఐర్లండ్ నుంచి వచ్చిన కేథరిన్ ఒలీరీ ఆవు లాంతరును తన్నిందన్న కథ తానే కల్పించానని ఒక విలేకరి 1893లో ఒప్పుకున్నాడు. నగర మండలి ఆమెను నిర్దోషిగా ప్రకటించింది ఎప్పుడో తెలుసా? 1997లో. ఎండిన కొయ్య, వానలు లేని నెలలు, చాలని నీటి గొట్టాలు, వీటి మీద పడాల్సిన చూపు ఒక పేద పాల వ్యాపారి మీద పడింది.

ఇటుక ఒక్కటే దారి అనుకోకండి. 1657లో ఎదో, అంటే నేటి టోక్యో, తగలబడినప్పుడు సుమిదా నది మీద వంతెన లేక ఒడ్డున చిక్కుకుని ఎందరో చనిపోయారు. ఊరిని మళ్లీ చాలావరకు కొయ్యతోనే కట్టుకున్నారు. కానీ మంట దాటలేనంత వెడల్పున ఖాళీ వీధులు వదిలారు, ర్యోగోకు వంతెన కట్టారు. ఇల్లు మార్చలేని మనిషికి పారిపోయే దారి ఇచ్చారు.

రమణమూర్తి, కాకినాడ:
ఫాతిమా గారూ, మీరు చెప్పిన దారి మాటే నేనూ అనబోయాను. బీమా వల్ల సరుకు దక్కుతుంది. మనిషి దక్కాలంటే అది చాలదు. లండన్‌లో 1833 నుంచి మంటలార్పే దళాన్ని నడిపింది బీమా కంపెనీలే. నిచ్చెనలతో మనుషుల్ని దించే పని మాత్రం వేరే ధర్మసంస్థ చేతిలో ఉండేది! 1861లో టూలీ వీధి గోదాములు అంటుకుని, దళపతి జేమ్స్ బ్రెయిడ్‌వుడ్ మీద గోడ కూలి చనిపోయాడు. ఇక ఈ ఖర్చు మావల్ల కాదని కంపెనీలు చేతులెత్తేస్తే, 1865 చట్టంతో అది ప్రభుత్వ బాధ్యత అయింది.

న్యూయార్క్ సంగతి చూడండి. 1911 మార్చి 25న ట్రయాంగిల్ దుస్తుల కర్మాగారంలో 146 మంది చనిపోయారు, ఎక్కువమంది పడుచు ఆడపిల్లలు. పని 8, 9, 10 అంతస్తుల్లో జరిగేది. అగ్నిమాపక నిచ్చెన 6వ అంతస్తు దాకానే అందింది. 9వ అంతస్తులో ఒక తలుపుకు తాళం. ఆ భవనం మంటలకు తట్టుకునేదే, ఇప్పటికీ నిలబడి ఉంది. యజమానులకు బీమా డబ్బు అందింది, కోర్టు నిర్దోషులని వదిలేసింది. సుధాకర్ గారూ, మరి అక్కడ చట్టాలు ఎలా వచ్చాయి? వానలో లక్షల మంది శవయాత్రగా నడిచారు. కిటికీల నుంచి దూకుతున్నవాళ్లను కళ్లారా చూసిన ఫ్రాన్సెస్ పెర్కిన్స్ విచారణ సంఘం కోసం పనిచేసింది. పని జరిగే వేళ తలుపుకు తాళం వేయకూడదన్న నియమం అలా వచ్చింది. ఆ తాళం మాట చదివినప్పుడల్లా నాకు గుండె పట్టేస్తుంది. అలాంటి తలుపులు నేను గొడ్డలితో పగలగొట్టాను.

వసుంధర, విజయవాడ:
రమణమూర్తి గారూ, ఇక్కడ నా వాదన నిలవదు. ఒప్పుకుంటున్నాను. సరుకు పోయిన చోట డబ్బు కదిలింది, మనుషులు పోయిన చోట జనం కదలాల్సి వచ్చింది. ఈ రెంటినీ ఒకే గాటన కట్టాను. సికింద్రాబాద్‌లో 2022 సెప్టెంబరులో కింద విద్యుత్ స్కూటర్లు అంటుకుంటే, పై అంతస్తుల లాడ్జిలో పొగకు 8 మంది చనిపోయారు. అక్కడా అడగాల్సిన మొదటి ప్రశ్న గోడ గురించి కాదు, దిగే దారి గురించి.

సుధాకర్, షికాగో:
న్యూయార్క్ విషయంలో ఒప్పుకుంటాను. కానీ షికాగోలో బీమా ఒత్తిడి లేకుంటే ఊరు మూడోసారి కూడా కాలిపోయేదనే నా నమ్మకం. ఫాతిమా గారూ, ఊరేగింపు గురించి నేను రాసిన తీరు తప్పే.

ఫాతిమా, హైదరాబాద్:
రమణమూర్తి గారు హుక్ పాతించిన గూటాలను మెచ్చుకున్నారు. ఆ చట్టంలోనే ఇంకో మాట కూడా ఉంది. గూటం పీకినవాడికి జైలు లేదా 10 పౌండ్ల జరిమానా. పట్టుబడినది బీదవాడైతే అక్కడే, ఆ గూటం దగ్గరే, అందరి ముందు కొరడా దెబ్బలు.