గాలి దేవతకి నైవేద్యం ఏం పెట్టాలి? కాస్త సాయం చేయండి

అందరికీ నమస్కారం. ఒక ఫాంటసీ నవల రాస్తున్నాను. ఆ లోకమంతా చెట్లు లేని పీఠభూమి, నీళ్లు తోడే గాలిమరలు తిరగాలన్నా, ధాన్యం తూర్పారబట్టాలన్నా గాలే దిక్కు, అందుకే అక్కడి జనం ఈదురమ్మ అనే దేవతని కొలుస్తారు. విగ్రహం లేదు. కనపడని గాలికి ముఖం పెట్టేస్తే ఆ భయం, భక్తి రెండూ పోతాయని నాకు గట్టిగా అనిపించింది.

గుడి వరకు ఒక కొలిక్కి వచ్చింది. శ్రీకాళహస్తిలో వాయులింగం దగ్గర దీపం రెపరెపలాడుతుంది కదా, చిన్నప్పుడు చూసింది ఇంకా కళ్లలోనే ఉంది. అటు మెక్సికోలో అజ్టెక్‌లు తమ గాలి దేవుడు ఎహెకాట్ల్‌కి గుండ్రటి గుడులు కట్టేవారు. ఈ రెండూ కలిపి, కప్పు లేని గుండ్రటి గుడి, మధ్యలో ఒకే దీపం పెట్టాను, అది ఆరిపోతే అమ్మ వచ్చిందని అర్థం.

చిక్కంతా నైవేద్యం దగ్గరే. గాలికి ఏం పెడతాం? మొదటి తూర్పారకి ఎగిరిన పొట్టు ఆవిడదే అని రాశాను, కానీ మరీ చిన్నదిగా ఉంది.

ఇంకో సందేహం. క్రీ.పూ. 480లో పర్షియా ఓడలు తుఫానులో దెబ్బతిన్నాక ఏథెన్స్ వాళ్లు ఉత్తర గాలి దేవుడు బోరియాస్‌కి గుడి కట్టారని గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్ రాశాడు. అలా పంటకి మొక్కే దేవతనే శత్రువు మీదకి తుఫాను పంపమని కూడా అడగొచ్చా, లేక ఇద్దరు దేవతలు కావాలా? మీ ఊళ్లో గాలికి సంబంధించిన మొక్కులు, ఆచారాలు ఏవైనా ఉంటే అవి కూడా చెప్పండి ప్లీజ్, మూడు వారాలుగా ఈ అధ్యాయం దగ్గరే ఆగిపోయాను.