‘అయామ్ స్టిల్ హియర్’ చివర్లో వచ్చే పెద్దావిడ ఎవరు? సీరియల్ నటి అంటున్నారు, నిజమేనా?

కొత్తపేట_కుర్రాడు అడిగారు:

నిన్న రాత్రి బ్రెజిల్ సినిమా ‘అయామ్ స్టిల్ హియర్’ చూశాను. 2025లో ఉత్తమ అంతర్జాతీయ చిత్రంగా ఆస్కార్ వచ్చింది కదా, అదే. 1971లో సైనిక ప్రభుత్వం ఇంట్లోంచి తీసుకుపోయి మళ్ళీ పంపించని మాజీ ఎంపీ రూబెన్స్ పైవా భార్య కథ. ఆ భార్య యూనిస్‌గా ఫెర్నాండా టోరెస్ చాలా బాగా చేసింది. కానీ నన్ను పట్టేసింది మాత్రం చివర్లో వచ్చే ముసలి యూనిస్. అల్జీమర్స్‌తో అన్నీ మర్చిపోయిన మనిషి. టీవీలో భర్త ఫొటో కనబడగానే కళ్ళల్లో ఏదో కదులుతుంది. ఒక్క డైలాగూ లేదు. ఆ ముక్క వెనక్కి తిప్పి మళ్ళీ చూశాను.

వెతికితే ఆవిడ ఫెర్నాండా టోరెస్ కన్నతల్లి అనీ, పేరు ఫెర్నాండా మోంటెనెగ్రో అనీ తెలిసింది. ఒకచోట ‘టీవీ సీరియళ్ళ నటి’ అని రాశారు, ఇంకోచోట బ్రెజిల్ సాహిత్య అకాడమీ సభ్యురాలు అన్నారు. రెండూ ఒకరేనా? తెలిసినవాళ్ళు చెప్పండి.

లక్ష్మి_బెంగళూరు:

ఆవిణ్ణి నేను ‘సెంట్రల్ స్టేషన్’ (1998) సినిమాలో చూశానండీ. రియో రైల్వే స్టేషన్‌లో బల్ల వేసుకుని, చదువురానివాళ్ళకి డబ్బులు తీసుకుని ఉత్తరాలు రాసిపెట్టే రిటైర్డ్ టీచర్ డోరా పాత్ర. ఆ ఉత్తరాలు చాలావరకు పోస్టు చేయదు కూడా. అలాంటి మనిషి మీద మనకి జాలి, ఇష్టం కలిగేలా చేసింది. బెర్లిన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటి అవార్డు, 1999లో ఆస్కార్ నామినేషన్ వచ్చాయి. ఆస్కార్ నటన విభాగాల్లో బ్రెజిల్ నుంచి మొదటి నామినేషన్ ఆవిడదే. మళ్ళీ 2025లో కూతురికి వచ్చింది. రెండు సినిమాలకూ దర్శకుడు వాల్టర్ సాలెసే.

ప్రాంప్టర్:

ఇద్దరూ ఒకరేనండీ. నేను కొన్నేళ్ళు సావ్ పావ్లోలో ఉద్యోగం చేశాను. అంతకుముందు మన పరిషత్తు నాటకాలకి ప్రాంప్టింగ్ చేసేవాణ్ణి, అంటే తెర చాటు నుంచి నటులకి డైలాగ్ అందించేవాణ్ణి, అందుకని అక్కడ ఉన్నన్నాళ్ళూ నా చెవి నాటకాల వైపే ఉండేది. ఆస్కార్ నామినేషన్ దగ్గర మొదలుపెడితే ఆవిడ అర్థం కాదు. అప్పటికే ఆవిడకి 69 ఏళ్ళు. స్టేజి మీద యాభై ఏళ్ళు కావస్తోంది.

పుట్టింది 1929లో, రియో శివారులోని కాంపిన్యోలో. అసలు పేరు ఆర్లెట్. తండ్రి మెకానిక్. పదిహేనేళ్ళకే విద్యాశాఖ వారి రేడియోలో చేరి నాటకాలు చదివింది. ముఖం కనబడని చోట గొంతు ఒక్కదానితో మనిషిని నిలబెట్టడం అక్కడే పట్టుబడింది. 1950లో స్టేజి ఎక్కింది. ఆ మొదటి నాటకంలో తోటి నటుడు ఫెర్నాండో టోరెస్, తర్వాత భర్త అయ్యాడు. ఇద్దరూ కలిసి ఎన్నో నాటకాలు వేశారు. 2008లో ఆయన పోయాడు.

ఇప్పుడు టీవీ సంగతి. రియోలో టీవీ టూపి అనే చానల్ 1951లో మొదలైంది. వాళ్ళు కాంట్రాక్టు మీద తీసుకున్న మొదటి నటి ఆవిడే. అప్పట్లో వీడియోటేప్ లేదు. సోమవారం థియేటర్లకి సెలవు, కాబట్టి నటులందరూ ఖాళీ. ఆ రాత్రి స్టూడియోలో పూర్తి నిడివి నాటకం లైవ్‌గా వెళ్ళిపోయేది. వారం తిరిగేసరికి ఇంకో నాటకం, ఇంకో పాత్ర. ఇలా ఏళ్ళ తరబడి, వందల నాటకాలు. మైకు ఉంటుంది కాబట్టి తెర వెనక నుంచి మాట అందించడానికి కూడా వీల్లేదు. డైలాగ్ మర్చిపోతే ఊరు చూస్తుండగా నీ దారి నువ్వే వెతుక్కోవాలి. మన దగ్గర పరిషత్తు పోటీల్లో ఒక్క గంట నాటిక కోసం నెలల తరబడి రిహార్సల్ చేసి కూడా, తెర లేచే ముందు నటుల చేతులు చల్లబడిపోవడం నేను కళ్ళారా చూశాను. ఆ టెన్షన్‌ని ప్రతి వారం, కొత్త పాఠంతో మోసిన మనిషి ఆవిడ. మీరు వెనక్కి తిప్పి చూశానన్న ఆ కళ్ళకి ఇంత సాధన ఉంది.

1959లో ఆవిడ, భర్త, తోటి నటులు సెర్జియో బ్రిట్టో, ఇటాలో రోస్సి, ఇటలీ నుంచి వచ్చిన దర్శకుడు జానీ రాట్టో, ఇలా కొందరు కలిసి సొంత నాటక సమాజం పెట్టుకున్నారు. మొదటి ప్రదర్శన రియో మునిసిపల్ థియేటర్‌లో, ఆర్తుర్ అజెవెడో రాసిన పాత హాస్య నాటకం. ఊరూరా సామాను మోసుకుని తిరిగే నాటక బృందం కథ అది, మన సురభి వాళ్ళ జీవితంలా ఉంటుంది. 1961లో ఆవిడ వెంటపడి అడిగితే నాటక రచయిత నెల్సన్ రోడ్రిగ్స్ ఆ సమాజం కోసం ఒక నాటకం రాశాడు. రోడ్డు మీద బండి గుద్ది చనిపోతున్నవాడు అడిగాడని ఒకాయన అతన్ని ముద్దు పెట్టుకుంటాడు. ఒక విలేఖరి, ఒక పోలీసు కలిసి ఆ ఒక్క క్షణంతో ముద్దు పెట్టినాయన బతుకును ఛిన్నాభిన్నం చేస్తారు. ఇవాళ్టి సోషల్ మీడియా కోసమే రాశారేమో అనిపిస్తుంది. బ్రెజిల్‌లో ఇప్పటికీ మళ్ళీ మళ్ళీ ఆడుతూనే ఉంది.

1985లో, సైనిక పాలన పోయాక వచ్చిన అధ్యక్షుడు జోసె సార్నే ఆవిణ్ణి సాంస్కృతిక మంత్రిగా రమ్మన్నాడు. వద్దంది. నా చోటు స్టేజి మీదే అంది. పదవి వద్దన్నందుకు గౌరవించడం కాదు, ఆ తర్వాత నిజంగానే స్టేజి వదలకపోవడం చూసి నాకు ఆవిడంటే గౌరవం.

కొత్తపేట_కుర్రాడు:

ఇంత ఉందని తెలియదు, థాంక్యూ అండీ. మరి సీరియళ్ళ మాటేంటి? అవి మన డైలీ సీరియళ్ళ లాంటివేనా?

ప్రాంప్టర్:

రోజూ వస్తాయి, ఆ ఒక్కదానిలోనే పోలిక. వాటిని నొవేలా అంటారు. ఆదివారం తప్ప వారమంతా వస్తుంది. కథకి ముగింపు మాత్రం ఖాయం: ఆరేడు నెలలు, మహా అయితే ఇంకాస్త, అంతే. చివరి ఎపిసోడ్ రోజు వీధుల్లో సందడి తగ్గిపోతుంది. పేరున్న నాటక రచయితలు వాటికి రాశారు, పెద్ద నటులు వేశారు. అందుకే అక్కడ నొవేలా నటి అంటే చులకన లేదు.

ఒక్క సీన్ చెప్తాను. 1983లో టీవీ గ్లోబో అనే చానల్‌లో ‘గెర్రా దొస్ సెక్సోస్’ అనే నొవేలా వచ్చింది, ఆడా మగా పోరు మీద కామెడీ. ఆవిడా, పావ్లో ఆట్రాన్ అనే మహానటుడూ ఒకే ఆస్తికి వారసులైన బంధువులు. ఒకరంటే ఒకరికి పడదు. పొద్దున టిఫిన్ బల్ల దగ్గర పట్టు బట్టల్లాంటి మాటలతో మొదలై, ఒకరి మీద ఒకరు పాలు, కాఫీ, పళ్ళు, బల్ల మీదున్నవన్నీ విసురుకోవడం దాకా వెళ్తుంది. ఇద్దరూ క్లాసిక్ నాటకాలు వేసి తల నెరిసినవాళ్ళు. మా ఇంటి ఓనరమ్మ అది నాకు యూట్యూబ్‌లో పెట్టి చూపించింది. నేను గమనించింది ఏంటంటే, ఒంటి నిండా పాలు కారుతున్నా ఆవిడ నడుము వంగదు, ఆ ఇంటి యజమానురాలి దర్జా చెక్కు చెదరదు. పాత్రని ఒక్క క్షణం వదిలేసినా అది వట్టి అల్లరి అయిపోయేది.

2015లో ఇంకో నొవేలా మొదటి ఎపిసోడ్‌లోనే, తన ఈడు నటి నతాలియా తింబెర్గ్‌తో ఏళ్ళ తరబడి కలిసి బతుకుతున్న జంటగా ఒక ముద్దు సీన్ చేసింది. అప్పటికి ఇద్దరూ ఎనభై అయిదేళ్ళవాళ్ళు. పార్లమెంటులోని మతవాద సభ్యుల నుంచి బహిష్కరణ పిలుపులు వచ్చాయి. ఆవిడ తగ్గలేదు.

సాహిత్య అకాడమీకి 2021లో ఎన్నికైంది, 17వ పీఠం. ఆ సంస్థలోకి వెళ్ళిన మొదటి నటి. పద్యాన్నీ నాటకాన్నీ డెబ్భై ఏళ్ళు జనం చెవుల్లోకి చేర్చిన మనిషికి అక్కడ చోటు ఉండాల్సిందే. నన్నడిగితే ఇంకా ముందే ఇవ్వాల్సింది.

లక్ష్మి_బెంగళూరు:

ప్రాంప్టర్ గారూ, మీరు ఆవిణ్ణి ఎప్పుడైనా ఎదురుగా చూశారా?

ప్రాంప్టర్:

చూశానమ్మా. 2024 ఆగస్టులో, ఒక ఆదివారం, సావ్ పావ్లో ఇబిరపుయెరా పార్కులో. అప్పటికి ఆవిడకి 94. ఫ్రెంచ్ రచయిత్రి సిమోన్ ద బోవా రాసిన పుస్తకంలోంచి చదివింది, ఆమె సహచరుడు, తత్వవేత్త సార్త్ర్ చివరి రోజుల గురించి, ముసలితనం గురించి, పోవడం గురించి. టికెట్ లేదు. పదిహేను వేలమంది వచ్చారు. సెట్టు లేదు, పాట లేదు, కూర్చుని చదవడం ఒక్కటే. పిల్లల్ని వేసుకుని వచ్చినవాళ్ళు, కాలేజీ కుర్రాళ్ళు, కర్ర పట్టుకున్న పెద్దవాళ్ళు గడ్డి మీద చాపలు పరుచుకుని కూర్చున్నారు. నా పోర్చుగీసు అంతంతమాత్రం. అయినా ప్రతి వాక్యం అందింది, ఎందుకంటే ఆవిడ మాట చివరి అక్షరాన్ని మింగేయదు. వాక్యం ఎక్కడ ఆగాలో అక్కడే ఆగి, మనం అందుకునేదాకా ఉండి, తర్వాతి దానికి వెళ్తుంది. నాటకాల్లో ఏళ్ళ తరబడి ఎంతమందికి చెప్పానో, డైలాగ్ తోక తెంపకండి అని! దాన్ని అంత పెద్ద మైదానంలో, ఆ వయసులో ఒకరు చేసి చూపిస్తుంటే నాకు కళ్ళు చెమర్చాయి.

కుర్రాడు గారూ, మీరు ముందు ‘సెంట్రల్ స్టేషన్’ చూడండి, సబ్‌టైటిల్స్‌తో దొరుకుతుంది. అందులో డోరా ఎదురుగా కూర్చుని ఉత్తరాలు చెప్పేవాళ్ళలో కొందరు నటులు కారు, స్టేషన్‌లో నిజంగా బల్ల చూసి వచ్చిన జనం. వాళ్ళు చెప్తుంటే ఆవిడ ఎలా వింటుందో చూడండి. ఆ తర్వాత టిఫిన్ బల్ల సీన్ వెతకండి, భాష రాకపోయినా నడుస్తుంది. లింకు దొరికితే ఇక్కడే పెడతాను.