చనిపోయిన మా నాన్న సంతకంతో సొసైటీ రిజిస్టర్ చేశారు, ఏ కోర్టుకి వెళ్లాలి?

గోరంట్ల వాసి:
మాది గుంటూరు. మా కాలనీకి 1994లో రిజిస్టర్ అయిన సంక్షేమ సంఘం ఉంది, దానికో కమ్యూనిటీ హాలు ఉంది. హాలు అద్దె ఈమధ్య వేరే అకౌంట్లో పడుతోందని తెలిసి ఆరా తీస్తే, 2023లో ఎవరో దాదాపు అదే పేరుతో కొత్త సొసైటీ రిజిస్టర్ చేయించుకున్నారు. మొదటి ఏడుగురు సభ్యుల్లో మా నాన్న పేరు రెండోది. నాన్న 2021 మేలో, కరోనా రెండో వేవ్‌లో పోయారు. ఆయన ఎప్పుడూ తెలుగులోనే సంతకం పెట్టేవారు, చివర 'వు' కొమ్ము సాగదీసి కింద గీత కొట్టేవారు. ఆ కాగితం మీద ఇంగ్లీషులో పొట్టి సంతకం ఉంది. చూసిన రోజు అన్నం సయించలేదు. రిజిస్ట్రేషన్ ఆఫీసులో కోర్టుకి వెళ్లమన్నారు, స్టేషన్లో సివిల్ మేటర్ అన్నారు. ఎక్కడ మొదలుపెట్టాలి?

కొత్తపేట:
సెక్షన్ 23 కింద జిల్లా కోర్టులో పిటిషన్ వేసేయండి. 2001 సొసైటీల చట్టంలో గొడవలన్నిటికీ దారి అదే.

పాత గుమాస్తా:
ఆగండి, తొందరపడొద్దు. నేను లాయర్ల దగ్గర ఇరవై ఏళ్లు గుమాస్తాగా చేశాను. సెక్షన్ 23 ఆ సొసైటీ సభ్యుల మధ్య వచ్చే తగాదాలకి. మీ వాదనేమో నాన్నగారు అందులో ఎప్పుడూ సభ్యుడే కాదని. సభ్యుడి తరఫున 23 కింద వెళితే అవతలివాళ్లు దాన్నే పట్టుకుంటారు. ఆ రిజిస్ట్రేషన్ మోసంతో జరిగింది, చెల్లదు అని డిక్లరేషన్ అడుగుతూ, హాలు జోలికి రాకుండా ఇంజంక్షన్ అడుగుతూ మీ పాత సంఘం పేరునే సివిల్ దావా వేయించండి. దానికి ముందు కమిటీ తీర్మానం మినిట్స్ బుక్కులో రాయించుకోవాలి, లేకపోతే ఎవరి అధికారంతో వేశారని మొదటి రోజే అడుగుతారు. డిక్లరేషన్‌కి గడువు మూడేళ్లు, మీకు ఏ రోజు తెలిసిందో చూపించే కాగితం దాచుకోండి. నెలపాడులో హైకోర్టుకి రిట్ (అధికారుల చర్య మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్) వేద్దామని కూడా ఎవరో ఒకరు అంటారు. ఫలానా సంతకం నిజమా కాదా అన్న తగాదాని మామూలుగా రిట్‌లో తేల్చరు, సివిల్ కోర్టుకే పొమ్మంటారు.

ఇంకోటి. నాన్నగారి సంతకానికి చేతిరాత నిపుణుడితో పని లేదు, మెమొరాండం (మొదటి సభ్యులు సంతకాలు పెట్టి రిజిస్ట్రేషన్‌కి ఇచ్చే పత్రం) మీద తేదీ, డెత్ సర్టిఫికెట్ పక్కపక్కన పెడితే చాలు. నిపుణుడు కావాల్సింది బతికున్న మిగతావాళ్ల సంతకాలకి. వాళ్లలో ఎంతమంది 'మేం పెట్టలేదు' అని అఫిడవిట్ ఇస్తారో ముందు కనుక్కోండి. జిరాక్స్ మీద సంతకం పోల్చడం కష్టం, అసలు కాగితం కోర్టుకి తెప్పించమని దరఖాస్తు పెట్టండి.

లక్ష్మీపురం అక్క:
క్రిమినల్ వైపు వదలొద్దు తమ్ముడూ. సివిల్ దావా ఉన్నంత మాత్రాన ఫోర్జరీ కేసు ఆగదు. ఎస్పీకి రిజిస్టర్ పోస్టులో ఫిర్యాదు పంపు, రసీదు ఉంచుకో, కదలకపోతే మేజిస్ట్రేట్ దగ్గర అఫిడవిట్‌తో బీఎన్‌ఎస్‌ఎస్ (పాత సీఆర్‌పీసీ బదులు వచ్చిన చట్టం) 175(3) కింద పోలీసు దర్యాప్తుకి ఆదేశించమని అడగొచ్చు. నేరం 2024 జూలై 1కి ముందుది కాబట్టి సెక్షన్లు మాత్రం పాత ఐపీసీవే: 465 (ఫోర్జరీ), 468 (మోసం కోసం ఫోర్జరీ), 471 (ఫోర్జరీ కాగితాన్ని అసలుదిగా వాడటం). మా అపార్ట్‌మెంట్ గొడవలో పోలీసులు కదిలింది మేజిస్ట్రేట్ చెప్పాకే. మేం చేసిన తప్పు ఏంటంటే బ్యాంకుకి రాతపూర్వకంగా చెప్పడం ఆలస్యం చేశాం, ఈలోగా డబ్బు తీసేశారు. నువ్వు రేపే ఉత్తరం ఇవ్వు.

గోరంట్ల వాసి:
అక్కా, ఉత్తరం ఇవాళే ఇచ్చేశాను, సీల్ వేయించుకున్నాను. గుమాస్తా గారూ, ఆ ఏడుగురిలో ఇద్దరు అఫిడవిట్ ఇస్తామన్నారు, ఒకాయన ఫోన్ ఎత్తడం లేదు. నిన్న రాత్రి అమ్మ బీరువా తీసి నాన్న పెన్షన్ పుస్తకం ఇచ్చింది. మొదటి పేజీలోనే ఆ సంతకం, కింద గీతతో సహా ఉంది. సోమవారం ఆ రిజిస్ట్రేషన్ కాగితాల సర్టిఫైడ్ కాపీకి అప్లై చేస్తున్నాను.