వనభోజనాలకు గుమ్మడికాయ చీజ్‌కేక్, పైన జీడిపప్పు: చేసినవాళ్ళు చెప్పండి

గంటస్తంభం గీత
కార్తీకంలో మా వీధివాళ్ళందరం తాటిపూడి దగ్గర తోటకి వనభోజనాలకు వెళ్తున్నాం. ఏటా పులిహోర, చక్కెర పొంగలి, గుమ్మడికాయ దప్పళం. ఈసారి అదే గుమ్మడికాయతో చీజ్‌కేక్ చేద్దామని నా ఆశ. మాది విజయనగరం, ఇంట్లో ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఉంది. గుడ్డు లేకుండా గట్టిపడుతుందా? అమెరికా వంటల్లో పైన పీకాన్ పప్పు వేస్తున్నారు, దాని బదులు మన జీడిపప్పు వేస్తే బేక్ చేసే ముందు వేయాలా, తర్వాతా? పగుళ్ళు రాకుండా ఏం చేయాలి? గంట ప్రయాణం, ఎండ, చల్లగా ఎలా తీసుకెళ్ళాలి? క్రీమ్ చీజ్ మన ఊళ్ళో దొరుకుతుందా?

టెక్కలి టు డాలస్
గీత గారూ, గుడ్డు సంగతి తర్వాత. ముందు నీళ్ళ సంగతి చూడండి. ఇక్కడ నవంబరు నాలుగో గురువారం థాంక్స్‌గివింగ్, ఆ వారమంతా ఎవరింటికెళ్ళినా ఈ కేకే. అందరూ వాడేది డబ్బా గుజ్జు, అది గరిటెకి అంటుకునేంత చిక్కగా ఉంటుంది. మన గుమ్మడికాయ ఉడకబెట్టి రుబ్బితే వచ్చేది దాదాపు సూప్. దాన్ని కొలతకి కొలత అలాగే పోస్తే కేకు ఫ్రిజ్‌లో రాత్రంతా ఉన్నా కోసేటప్పుడు జారిపోతుంది.

నేను చేసే పద్ధతి: తొక్కతోనే పెద్ద ముక్కలు కోసి 200 డిగ్రీల్లో మెత్తబడేదాకా కాల్చాలి. చెంచాతో గీకి, పల్చటి గుడ్డలో వేసి వేలాడదీయాలి. తర్వాత అడుగు మందం గిన్నెలో సన్నని సెగ మీద తిప్పాలి. గరిటెతో గీస్తే ఆ దారి మూసుకుపోకుండా నిలిచినప్పుడు దించాలి.

ఇంకో మాట. హాలోవీన్‌కి కళ్ళూ ముక్కూ చెక్కే కాయ వేరు, అది పీచు, రుచి ఉండదు. డబ్బాల్లోకి ఎక్కువగా వెళ్ళేది డికిన్సన్ అనే రకం. అది కుకుర్బిటా మాస్కేటా. మన తీపి గుమ్మడిలో చాలా రకాలు ఆ జాతివే. అందుకని 'మన కాయతో రాదు' అనేవాళ్ళ మాట వినకండి.

రాజాం అటక
కాయ ఎంపిక ఎవరూ చెప్పరేం? లేత కాయ కొన్నారంటే డాలస్ బాబు చెప్పినట్టు ఎంత తిప్పినా గ్యాస్ దండగ. బాగా ముదిరి, తొడిమ ఎండి, గోరు దిగని తొక్క ఉన్న కాయ కావాలి. మా ఊళ్ళో పాకల మీద పాకించిన పాదుల కాయలు కోసి అటక మీద పెట్టుకుంటాం, నెలలు ఉంటాయి. అవే తీపి, అవే పొడి. కుక్కర్లో విజిల్స్ వేయొద్దు, ఇంకా నీరు పీల్చుకుంటుంది.

పలాస బద్ద
అందరూ గుమ్మడికాయ మీద పడ్డారు. గీత గారు "జీడిపప్పు" అని ఒక్క మాట అనేసి ఊరుకున్నారు. ఏ గ్రేడు? నేను పుట్టి పెరిగింది పలాస జీడి ఫ్యాక్టరీల మధ్య, ఇది నా సబ్జెక్టు. డబ్ల్యూ 240 అంటే పౌను బరువుకి 220 నుంచి 240 గుండు పప్పులు, అంటే విరగని పప్పులు. డబ్ల్యూ 320 అంటే 300 నుంచి 320. అంకె పెరిగేకొద్దీ పప్పు చిన్నది, ధర తక్కువ. చీజ్‌కేక్ పైన గుండు పప్పు వేసేవాడికి కేకు కొయ్యడం రాదనే అర్థం. కత్తి పప్పు మీద పడుతుంది, పప్పు పక్కకి దొర్లుతుంది, కింద మెత్తటి కేకు చీలిపోతుంది. బద్ద (రెండుగా చీలిన పప్పు) వేయండి, లేదా పెద్ద ముక్క. డబ్బూ మిగులుతుంది.

బొబ్బిలి కోట వీధి
వ్యాపారం చేసేవాళ్ళే ముక్కలు అంటగడితే ఎలా సార్? పండగకి చేసేది కళ్ళకి కూడా నిండుగా ఉండాలి. మా ఇంట్లో సిరిమానోత్సవానికి చుట్టాలు దిగుతారు, దసరా అయ్యాక వచ్చే మంగళవారం. ఆ రోజు నేను గుండు పప్పులు వరసగా చుట్టూ పేర్చి పెడతాను. కేకు కోసేది వాటి మధ్య నుంచి, వాటి మీద నుంచి కాదు. ముక్కలు చల్లితే పాయసంలో మిగిలినవి దులిపినట్టుంటుంది.

పలాస బద్ద
నేను అంటగట్టానా? బద్దలు కొనమన్నవాడు అంటగట్టినట్టా, ఖరీదైన గుళ్ళు కొనమన్నవాడు అంటగట్టినట్టా? లెక్క మీరే వేసుకోండి. 80 కిలోల జీడిపిక్కల బస్తా కొడితే వచ్చే పప్పు 20 కిలోల పైచిలుకు. అందులో విరగకుండా వచ్చే గుళ్ళు కొన్నే. ఆ గుళ్ళని కేకు మీద అలంకారానికి పెట్టి, చివరికి పిల్లలు ఏరుకుని తినేసి కేకు వదిలేస్తే ఏం లాభం?

ఉద్దానం కొబ్బరి
పలాస పలాస అంటారు గానీ పిక్క ఎక్కడిదో అడగండి. ఆఫ్రికా దేశాల నుంచి దిగుమతి చేసిన పిక్కలు కూడా మన దగ్గరే కొడుతున్నారు. ఉద్దానం తోటల పిక్క రుచి వేరు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను మా వజ్రపుకొత్తూరు వైపు తీరం దాటినప్పుడు పడిపోయిన జీడి చెట్లు, కొబ్బరి చెట్లు చూసినవాళ్ళకి తెలుస్తుంది ఆ పప్పు విలువ. కొత్త మొక్క నాటగానే పంట వస్తుందా? మీరిక్కడ గుండా బద్దా అని కొట్టుకుంటున్నారు.

పలాస బద్ద
దిగుమతి లేకపోతే ఏడాది పొడుగునా ఫ్యాక్టరీలు నడవవు బాబూ. మన కోత ఎండాకాలంతో సరి. పప్పు ఒలిచే ఆడవాళ్ళకి మిగతా నెలలు పనెవరిస్తారు? తిత్లీ నాకూ తెలుసు. కేకు చర్చలోకి దాన్ని లాగడం ఎందుకు?

ఉద్దానం కొబ్బరి
లాగింది నేనా! పౌనులూ బస్తాలూ తెచ్చిందెవరు?

అరసవల్లి అప్ప
ఇద్దరూ కాస్త ఆగండి తమ్ముళ్ళూ. ఆ పిల్ల గుడ్డు లేకుండా అవుతుందా అని అడిగింది, ఒక్కరూ చెప్పలేదు. అవుతుంది తల్లీ. నేను ప్రతి కార్తీకంలో చేస్తున్నాను. ఎనిమిది అంగుళాల గిన్నెకి క్రీమ్ చీజ్ 400 గ్రాములు, కండెన్స్‌డ్ మిల్క్ 200 గ్రాములు, నీరు కార్చిన గట్టి పెరుగు 150, చిక్కబెట్టిన గుమ్మడి గుజ్జు 200, కార్న్‌ఫ్లోర్ రెండు పెద్ద చెంచాలు. గుడ్డు చేసే పని కార్న్‌ఫ్లోర్ చేస్తుంది. దాల్చినచెక్క, శొంఠి, కొంచెం జాజికాయ, ఒకటే లవంగం పొడి. ఏలకులు వేశావంటే అది హల్వా వాసన వస్తుంది, వేయకు. అడుగున డైజెస్టివ్ బిస్కెట్ల పొడి, కరిగించిన వెన్న కలిపి గట్టిగా అదమాలి. 160 డిగ్రీల్లో దాదాపు గంట. జున్ను లాగా నడుమ కొంచెం ఊగుతుండగానే ఆపేయాలి, చల్లారాక గట్టిపడుతుంది.

ఓటీజీ మావయ్య
అప్పా, కార్తీకంలో గుడ్డు వద్దంటావు సరే, మరి కొందరు నో-బేక్ అని జెలటిన్ వేసి చేస్తారు. జెలటిన్ పశువుల ఎముకలూ తోలు నుంచి వస్తుంది. గుడ్డు ముట్టనివాళ్ళు జెలటిన్ చీజ్‌కేక్ లొట్టలేసుకుంటూ తినడం నేను కళ్ళారా చూశాను.

అరసవల్లి అప్ప
నేను జెలటిన్ అన్నానా? చదివి మాట్లాడు నాయనా. కావాలంటే చైనా గ్రాస్ వాడుకోవచ్చు, అది సముద్రపు నాచు. చీజ్ డబ్బా మీద ఆకుపచ్చ చుక్క కూడా చూసే కొంటాను.

ఓటీజీ మావయ్య
కోప్పడకప్పా. నేను జనరల్‌గా అన్నాను. నాకైతే గుడ్డు వేసినదే చీజ్‌కేక్. సిరిమానుకి చేసేవాళ్ళకి ఈ పట్టింపు లేదు కదా, మూడు గుడ్లు కొట్టుకోండి. పగుళ్ళ సంగతి చెప్తాను వినండి. పిండిని బీటర్‌తో ఎక్కువ గిలక్కొడితే గాలి చేరి పొంగుతుంది, తర్వాత కుంగి పగులుతుంది. చీజ్, పెరుగు ఫ్రిజ్ నుంచి తీసి చల్లదనం పోయాకే కలపాలి, లేకపోతే గడ్డలు కడుతుంది, ఆ గడ్డలు పోగొట్టడానికి మళ్ళీ గిలక్కొడతారు. వేడినీళ్ళ పళ్ళెంలో గిన్నె పెట్టి బేక్ చేయాలి. స్ప్రింగ్‌ఫామ్ గిన్నె (అడుగు విడిగా ఊడొచ్చేది) అయితే అడుగునుంచి నీళ్ళు దూరతాయి, బయట ఫాయిల్ రెండు పొరలు చుట్టాలి. గుడ్డు కేకైతే నడుమ 65 డిగ్రీలు దాటగానే స్విచ్ ఆపి, తలుపు కొంచెం తెరిచి గంట అలాగే వదిలేయాలి. గబుక్కున బయటికి తీస్తే చల్లగాలి తగిలి చీలుతుంది. ఆఖర్లో కరెంటు పోతే టెన్షన్ పడి తలుపు తీయకండి, లోపలి వేడితో చాలావరకు అయిపోతుంది.

బొబ్బిలి కోట వీధి
పగుళ్ళకి ఇంత రామాయణమా? పైన పప్పు పరిచేస్తే కనపడదు. అందుకే గుండు పప్పు అన్నాను!

పలాస బద్ద
పగుళ్ళు కప్పడానికి గుండు పప్పు వాడే మొదటి మనిషిని చూస్తున్నాను.

గంటస్తంభం గీత
అప్పా, చాలా థాంక్స్. మావయ్య గారికీ. కానీ జీడిపప్పు బేక్ చేసే ముందా తర్వాతా? ఆ ఒక్కటీ తేలలేదు.

చీపురుపల్లి పాకం
తర్వాతే. ముందు వేస్తే గంటసేపు ఓవెన్లో మాడి చేదెక్కుతుంది, లేదా కేకు తడికి మెత్తబడుతుంది. నేను బెల్లం పాకంలో చేస్తాను. బెల్లం కరిగించి వడకట్టి, మళ్ళీ పొయ్యి మీద పెట్టి ముదురు పాకం రానివ్వాలి. చుక్క నీళ్ళలో వేస్తే విరగాలి, సాగకూడదు. సాగితే పళ్ళకి అంటుకుంటుంది. దించే ముందు కొంచెం వెన్న, వేయించిన పప్పు వేసి తిప్పి, నెయ్యి రాసిన పళ్ళెంలో పల్చగా పరవాలి. ఆరాక విరిచి డబ్బాలో మూత పెట్టాలి. కేకు మీద వడ్డించే ముందే చల్లాలి. ఫ్రిజ్‌లో పెట్టిన కేకు మీద రాత్రే చల్లేస్తే తెల్లారికి పాకం చెమ్మగిల్లి కారిపోతుంది. గుండా బద్దా అనేది దీనికి అక్కర్లేదు, ఎలాగూ విరగ్గొడతాం.

పలాస బద్ద
అదే కదా నేను మొదట్నుంచీ అంటున్నది!

నాగావళి నడక
నాకు అసలు మండేది వేరే. పోయినేడు విశాఖలో ఒక బేకరీకి పంప్‌కిన్ చీజ్‌కేక్ ఆర్డర్ ఇస్తే పసుపు రంగు వేసిన మామూలు కేకు ఇచ్చారు. పైన మూడు జీడిపప్పులు. గుమ్మడికాయ ఎక్కడని అడిగితే "ఫ్లేవర్ మేడమ్" అన్నారు. అప్పట్నుంచీ ఇంట్లోనే చేస్తున్నాను. క్రీమ్ చీజ్ శ్రీకాకుళంలో పెద్ద సూపర్ మార్కెట్లలో ఒక్కోసారి ఉంటుంది, ఒక్కోసారి లేదంటారు. ముందు ఫోన్ చేసి వెళ్ళండి. చీజ్ స్ప్రెడ్ ఇచ్చి అదే ఇదంటారు, తీసుకోకండి, ఉప్పగా ఉంటుంది. దొరక్కపోతే పనీరు, గట్టి పెరుగు, కొంచెం క్రీమ్ మిక్సీలో మెత్తగా తిప్పితే పని నడుస్తుంది. రుచి కొంచెం తేడా ఉంటుంది, ఎవరూ పట్టుకోలేరు.

టెక్కలి టు డాలస్
పట్టుకుంటారండీ. అమెరికాలో క్రీమ్ చీజ్ అని పేరు పెట్టాలంటే కనీసం 33 శాతం కొవ్వు ఉండాలి. పనీరు, పెరుగు కలిపితే ఆ నునుపు రాదు.

నాగావళి నడక
మీరు డాలస్‌లో తినండి సార్, మేం ఏడు రోడ్ల జంక్షన్‌లో దొరికినదాంతో చేసుకుంటాం.

కళింగపట్నం కెరటం
చల్లగా తీసుకెళ్ళడానికి చేపలు తెచ్చే థర్మాకోల్ పెట్టె ఉంది కదా, ఐసు వేసి పెట్టేయండి. అంత త్వరగా కరగదు.

అరసవల్లి అప్ప
కార్తీకంలో చేపల పెట్టెలోనా! ఓలమ్మా!

కళింగపట్నం కెరటం
కొత్త పెట్టె అంటున్నాను అప్పా. కొత్తది. ఐసు ముక్కలు కాకుండా వాటర్ బాటిళ్ళు గడ్డకట్టించి చుట్టూ పెడితే నీళ్ళు కారవు. కేకు ముందు రోజే చేసి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచాలి, గిన్నెలోంచి తీయకుండానే పెట్టెలో పెట్టాలి. అక్కడికెళ్ళాక వేడినీళ్ళలో ముంచి తుడిచిన కత్తితో కొయ్యండి.

సాలూరు సంత
ఓవెన్ లేదు. కుక్కర్లో అవుతుందా?

ఓటీజీ మావయ్య
అవుతుంది. గాస్కెట్, విజిల్ తీసేయండి. అడుగున ఉప్పు పోసి స్టాండ్ పెట్టి, పది నిమిషాలు వేడెక్కాక గిన్నె పెట్టండి, గిన్నె మీద ఫాయిల్ మూత. సన్నని సెగ. పైన రంగు రాదు, చీజ్‌కేక్‌కి రంగుతో పని లేదు. పప్పు మాత్రం చీపురుపల్లి వారి పద్ధతే.

బొబ్బిలి కోట వీధి
గుండు పప్పు వేసుకోండి, రంగు రాకపోయినా బాగుంటుంది.