అప్‌డేట్: కడప యాసలో నా ర్యాప్ ఆల్బమ్, పాత క్యాసెట్ ముక్క సంగతి

నా తొలి ర్యాప్ ఆల్బమ్‌లో ఒక పాత క్యాసెట్‌లోని జానపద పల్లవిని అనుమతి లేకుండా వాడవచ్చునా అని రెండు నెలల క్రితం అడిగాను. పాట ఊరందరిదైనా రికార్డింగు దానిని చేయించినవారిదేననీ, 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం ఆ హక్కు, విడుదలైన మరుసటి సంవత్సరం మొదలు 60 ఏళ్లు ఉంటుందనీ మీలో పలువురు చెప్పారు. ఆ క్యాసెట్ చేయించిన కంపెనీ ఎప్పుడో మూతపడింది. హక్కులు ఇప్పుడు ఎవరివో తేలలేదు. అందుచేత ఆ ముక్కను తీసివేసి, క్యాసెట్‌వారు కొత్తగా కలిపిన చరణాల జోలికి పోకుండా, తరతరాలుగా పాడుతున్న పల్లవిని మాత్రమే మా పెద్దమ్మ చేత పాడించి, కడపలో మిత్రుని గదిలో గోడలకు పరుపులు ఆనించి రికార్డు చేశాము. క్యాసెట్ గరగర పోయిందన్న దిగులు కొంత ఉన్నా, పెద్దమ్మ గొంతులోని జీర నాకు అంతకంటే నచ్చింది.

2015 నుంచి ప్రపంచమంతటా కొత్త ఆల్బమ్‌లకు శుక్రవారమే విడుదల రోజు కనుక మేమూ శుక్రవారమే విడుదల చేశాము. పాటలు వినే యాప్ స్పాటిఫైలో ప్లేలిస్టులకు పాటలు ఎంచే ఎడిటర్లకు, విడుదలకు కనీసం 7 రోజుల ముందు పాటను పంపాలన్న సలహా పాటించాను, ఎంపిక కాలేదు. యాస తగ్గించమన్న సలహాను మాత్రం పాటించలేదు.